నెత్తురుచుక్క నడచిన దారి

వైద్యశాలకు పోయివచ్చినవారు వైద్యుని పేరు చెప్పుదురు, మందు పేరు చెప్పుదురు. తమ వ్రేలినుండి తీసిన నెత్తురుచుక్క ఎచ్చటికి పోయినదో, ఎవరి చేతులలో ఏమైనదో చెప్పగలవారు అరుదు. రోగనిర్ణయములో సగము పని ఆ చుక్క ప్రయాణములోనే యున్నది. ఈ ప్రయాణచరిత్రలో మన జంటనగరములకు పెద్ద భాగమే కలదు గనుక, దానిని గూర్చి శ్రోతలకు నాలుగు మాటలు మనవి చేయదలచినాము.

1880లో అల్జీరియాలోని కాన్‌స్టాంటైన్ పట్టణమున లావెరాన్ అను ఫ్రెంచి సైనికవైద్యుడు చలిజ్వరరోగి రక్తమున మలేరియా క్రిమిని చూచెను. అది ఒక మనిషినుండి మఱియొక మనిషికి ఎట్లు చేరుచున్నదో ఎవ్వరికిని తెలియలేదు. దోమపై అనుమానమున్నదని లండనులో పాట్రిక్ మాన్సన్ 1894లో రొనాల్డ్ రాస్‌కు నూరిపోసెను. రాస్ మఱుసటి సంవత్సరమే సికిందరాబాదు దండులో వైద్యుడుగా వచ్చి, బేగంపేటలో పనికి పూనుకొనెను.

రాస్ కథ పాఠ్యపుస్తకములలో నున్నదే. అందులో మాకు ముచ్చట గొలుపునది ఆయన సూక్ష్మదర్శిని కాదు, దానిక్రిందికి వస్తువును చేర్చిన తీరు. బయట పట్టిన దోమ అంతకుముందు ఎవరిని కుట్టినదో ఎవరికెఱుక? అందుచేత ఆయన నీటిలోని పిల్లపురుగులను తెచ్చి సీసాలలో పెంచి, ఏ నెత్తురును ఎఱుగని దోమలను సిద్ధము చేసికొనెను. హుస్సేన్ ఖాన్ అను జ్వరపీడితుని దోమతెరలో పరుండబెట్టి, ఆ దోమలను లోనికి వదలెను. కుట్టిన దోమకు ఒక అణా చొప్పున అతనికి ముట్టజెప్పెను. తరువాత దినమున కొన్నింటిని సూదులతో చీల్చి చూచుచు వచ్చెను. గాలికి దోమలు చెదరునని పంకా వేయనీయలేదు. చెమటకు సూక్ష్మదర్శిని మరలు త్రుప్పుపట్టినవట.

1897 ఆగస్టు 16న కుట్టిన దోమలలో ఒకదానిని 20వ తేదీన చీల్చగా, కడుపు గోడలో నల్లని రేణువులతో కూడిన గుండ్రని కణములు కనబడెను. మఱునాడు ఇంకొకదానిని చూడగా ఆ కణములు మునుపటికన్న పెద్దవై యుండెను. అనగా అవి దోమలో పెరుగుచున్నవి! ఏ దోమ ఏనాడు ఎవరిని కుట్టినదో లెక్క సరిగా నుండుటచేతనే ఈ ఒక్క దినపు తేడాకు అర్థము కలిగినది. లెక్క తప్పియున్నచో అవి రెండు వింత కణములుగా మిగిలిపోయి యుండెడివి. ఆ గాజుపలకలు ఓడనెక్కి మాన్సన్‌కు చేరినవి. ఆ డిసెంబరులో బ్రిటిష్ మెడికల్ జర్నల్ ఆ సంగతిని ప్రకటించినది. 1902లో రాస్‌కు నోబెల్ బహుమానము వచ్చినది. బేగంపేటలోని ఆ కట్టడము తరువాత ఉస్మానియా విశ్వవిద్యాలయపు అధీనమునకు వచ్చినది.

అణాల లెక్క వినుటకు వేడుకగానే యుండును. కాని జ్వరముతో మూలుగుచున్న మనిషి తన శరీరమును ఏ నిమిత్తము అప్పగించుచున్నాడో అతనికి ఎంతవఱకు బోధపడినదో చరిత్ర చెప్పదు. అతని పేరైనను నిలిచినది. అంతమాత్రపు భాగ్యము తక్కిన పెక్కుమందికి లేకపోయినది.

తీసిన వస్తువు చెడకుండ నిలుపుట వేఱొక విద్య. 1893లో ఫెర్డినాండ్ బ్లూమ్ అను జర్మను వైద్యుడు ఫార్మలిన్ ద్రవములో మాంసఖండము గట్టిపడి కుళ్ళకుండుటను గమనించెను. నేటికిని శస్త్రచికిత్సలో తీసిన ముక్క ఆ ద్రవములోనే ప్రయోగశాలకు పోవుచున్నది. రక్తమునకు ఈ ఉపాయము పనికిరాదు. నాళికలో పోసిన రక్తములోని కణములకు ప్రాణమింకను ఉండును. అవి చక్కెరను తినుచునే యుండును. ఊరక ఉంచినచో గంటకు నూటికి అయిదు మొదలు ఏడు పాళ్ళవఱకు చక్కెర తగ్గిపోవును. ఉదయము తీసిన రక్తమును సాయంకాలము పరీక్షించినచో మధుమేహరోగికి రోగము లేదని కాగితము వచ్చుటకు వీలున్నది. అందులకే ఆ నాళికలో ఫ్లోరైడు వేసి బూడిదరంగు మూత పెట్టుదురు. సిరంజిని బలముగా లాగినచో ఎఱ్ఱకణములు పగిలి, వానిలోని పొటాషియము వెలికివచ్చి, ఆరోగ్యవంతునకే ప్రాణాపాయమున్నట్లు తోచును. ఇక సీసాపై పేరు తారుమారైనచో ఎంతటి యంత్రమును చేయగలిగినది లేదు.

ఇక తార్నాకకు వత్తము. 1918లో నీలగిరులలోని కూనూరులో మెకారిసన్ బెరిబెరి వ్యాధి విచారణకై చిన్న ప్రయోగశాలను నెలకొల్పెను. అదియే పెరిగి, 1958లో హైదరాబాదునకు తరలివచ్చి, ఉస్మానియా ఆవరణము ప్రక్కన జామై ఉస్మానియాలో స్థిరపడినది. 1969లో జాతీయ పోషకాహార సంస్థ అను పేరు దాల్చినది. వచ్చిన క్రొత్తలో దాని ముందు నిలిచిన చిక్కుప్రశ్న పెల్లగ్రా. ఎండ తగిలినచోట చర్మము నల్లబారి గరుసెక్కు ఈ జబ్బు మొక్కజొన్న తినువారికి వచ్చునని లోకమెఱుగును. మన దక్కనులో జొన్న తినువారికిని వచ్చుచుండెను. జొన్నలోని ల్యూసిను అధికమగుటయే కారణము కావచ్చునని గోపాలన్, శ్రీకంఠయ్య గారలు 1960లో లాన్సెట్ పత్రికలో వ్రాసిరి. దానిపై తరువాత వాదోపవాదములు నడచినవి.

ఇట్టి పరిశోధనలకు ఆధారము ఒక నిండు దినపు మూత్రము. ఉదయపు మొదటి మూత్రమును పాఱబోసి, అప్పటినుండి మఱునాటి ఉదయమువఱకు ఒక్క చుక్కయు పోకుండ పట్టవలెను. మధ్యలో ఒక్కమాఱు మఱచినను దినమంతయు వ్యర్థము. పని హేయమని ముక్కు మూసికొనువారు ఈ శాస్త్రమునకు పనికిరారు.

ఈ సంస్థవారు పల్లెలలో రక్తహీనతను లెక్కగట్టునపుడు అనుసరించిన పద్ధతి మాకు మిక్కిలి నచ్చినది. ఐసుపెట్టె లేని ఊళ్ళలో ద్రవరక్తము నిలువదు. కనుక వ్రేలు గ్రుచ్చి, మిల్లీలీటరులో ఏబదవవంతు కొలిచి వడపోత కాగితముపై వేసి ఆరనిత్తురు. ఆ కాగితము ప్రయోగశాలకు చేరిన పిదప మరకను ద్రావకములో కరగించి హిమోగ్లోబిను కొలుతురు. అమెరికాలో రాబర్ట్ గత్రీ 1963లో శిశువుల మడమనుండి తీసిన చుక్కలను కాగితముపైననే పరీక్షించెను. సూదికి జంకు పల్లెటూరి తల్లికి వ్రేలిపోటు పెద్ద బాధ కాదు.

2020లో కోవిడు వచ్చినపుడు ఈ పొడి ఉపాయమే వేఱు రూపమున మరలివచ్చినది. ముక్కునుండి తీసిన పుల్లను ద్రవమున్న నాళికలో నుంచి పంపుట వాడుక. ఆ నాళికలు దారిలో కారుచుండెను. విప్పువారికి ప్రాణభయము, విప్పుటకు కాలహరణము. తార్నాకను ఆనుకొనియున్న హబ్సిగూడలోని సీసీఎంబీవారు పుల్లను పొడిగానే తెప్పించి, అక్కడనే ద్రావకము చేర్చి, వేడిచేసి పరీక్షించు పద్ధతిని రూపొందించిరి. ఆ నవంబరులో భారతీయ వైద్యపరిశోధన మండలి దానికి అనుమతి నిచ్చెను.

ఆ ఏడాదియే సీసీఎంబీవారును, తార్నాకలోని రసాయన సాంకేతిక సంస్థవారును కలిసి నగరపు మురుగునీటిని సీసాలకెత్తిరి. రోగగ్రస్తుల మలములో వైరసు ఖండములు వెడలును గనుక, వాని పరిమాణమునుబట్టి నెల పైచిలుకు కాలములో ఆఱు లక్షలకు పైబడి జనులకు వ్యాధి సోకియుండునని ఆగస్టులో అంచనా కట్టిరి. ఆ సీసాలపై రోగి పేరు వ్రాయు పనియే లేకపోయినది. తేదీ, నీరు తీసిన చోటు మాత్రమే వ్రాయవలసి వచ్చినది.