తెలుగు అక్షరాన్ని పోతపోసిన ఊరు

అచ్చయిన తొలి తెలుగు పుస్తకాలు 1746, 1747 సంవత్సరాల్లో జర్మనీలోని హాలే నగరంలో వెలువడ్డాయి. మన సాహిత్య చరిత్ర గ్రంథాల్లో ఈ మాట ఒక మూల కనిపిస్తుంది. ఆ వెంటనే కథ సీరాంపూరుకి, మద్రాసుకి, బ్రౌను దొర దగ్గరికి వెళ్ళిపోతుంది. హాలే ఎలాంటి ఊరు, తెలుగు అచ్చు అక్కడే ఎందుకు మొదలైంది అని ఆగి అడిగినవాళ్ళు తక్కువ.

నాకు ఆ ప్రశ్న చిన్నప్పటి నుంచీ ఉంది. మా నాన్నగారు తెనాలిలో చిన్న ప్రెస్సు నడిపేవారు. కేసు ముందు నిలబడి స్టిక్కులో అక్షరాలు పేర్చే కంపోజిటర్ల మధ్యే పెరిగాను. అందుకే లీప్‌జిగ్‌లో ఉద్యోగం చేస్తున్న మా అమ్మాయి దగ్గరికి వెళ్ళినప్పుడు, బెర్లిన్ తర్వాత చూద్దాం, ముందు హాలే అన్నాను. రైల్లో అరగంట దూరం. గుంపుతో తిరిగే టూరు వద్దనుకుని మాకు మాత్రమే ఒక గైడును మాట్లాడుకున్నాం. చరిత్ర పాఠాలు చెప్పి రిటైరైన పెద్దావిడ, పుట్టి పెరిగింది ఆ ఊళ్ళోనే. ఆ ఊళ్ళో పుట్టిన సంగీతకారుడు హాండెల్ గురించి కొంచెం చెప్పినా చాలు, తెలుగు పుస్తకాలు అచ్చయిన అనాథాశ్రమం ప్రెస్సు గురించి ఎక్కువ చెప్పండి అని ముందే రాశాను. విడిగా గైడును పెట్టుకోవడంలో ఉన్న లాభం ఇదే: మనం అడిగిన దారిన ఊరు నడుస్తుంది.

అయినా ఆవిడ ప్రెస్సుతో మొదలుపెట్టలేదు. "ముందు ఉప్పు. ఉప్పు తెలియకపోతే ఈ ఊళ్ళో ఏదీ అర్థం కాదు" అని మార్కెట్ చౌకులో నిలబెట్టారు. అయిదు శిఖరాలు ఒక్కచోట కనిపించే చౌకు అది. నాలుగు మార్కెట్ చర్చివి, అయిదోది విడిగా నిలబడ్డ ఎర్ర బురుజు. ఆ చౌకు కింద భూమి పొరల్లో పెద్ద పగులు ఉంది. ఆ పగులు వెంట లోపలి ఉప్పునీరు పైకి ఊరేది. చర్చి వెనక మెట్లు దిగితే హాల్‌మార్క్ట్ అనే పల్లపు చౌకు వస్తుంది. ఇప్పుడు అక్కడ ఫౌంటెన్, కాఫీ హోటళ్ళ కుర్చీలు. ఒకప్పుడు అక్కడే నాలుగు ఉప్పు బావులు, వాటి చుట్టూ పొగలు కక్కే పాకలు. బావినీళ్ళు తోడి పెనాల్లో పోసి కట్టెల మంట మీద మరిగించేవాళ్ళు. నీటిలోని మురికి తేరడానికి ఎద్దు నెత్తురు కలిపేవాళ్ళు. నెత్తురు వేడికి గడ్డకట్టి మురికిని పట్టుకుని పైకి తేలితే, ఆ తెట్టు తీసేసేవాళ్ళు. అడుగున మిగిలింది తెల్లటి ఉప్పు. ఆ ఉప్పే హాలేని వర్తక నగరాల సరసన, హాన్సా కూటమిలో కూర్చోబెట్టింది.

ఉప్పు వండినవాళ్ళను హాలోరెన్ అంటారు. వాళ్ళకి ఒక సంఘం, ఆచారాలు, వెండి గిన్నెలు, గుండ్రటి వెండి గుండీలు కుట్టిన పండగ కోటు ఉన్నాయి. ఒకప్పుడు ఊళ్ళో ఎవరైనా పోతే శవపేటిక మోసేది కూడా వాళ్ళే. ఆ సంఘం ఇప్పటికీ బతికే ఉంది. 1804లో మొదలైన ఇక్కడి చాక్లెట్ ఫ్యాక్టరీ తన గుండ్రటి చాక్లెట్లకు ఆ గుండీల రూపం, వాళ్ళ పేరు పెట్టుకుంది. మా అమ్మాయి ఓ డబ్బా కొంది.

ఉప్పు ఉన్నచోటికి పెత్తనం కూడా వస్తుంది. 1478లో మాగ్డెబర్గ్ ఆర్చిబిషప్పు ఊరి స్వేచ్ఛను అణిచేశాడు. ఊరివాళ్ళు మళ్ళీ తలెత్తకుండా 1484లో మోరిట్జ్‌బుర్గ్ కోట కట్టడం మొదలుపెట్టించాడు. ఆ తర్వాత అందులో కొలువుండిన కార్డినల్ ఆల్‌బ్రెక్ట్, మత సంస్కర్త మార్టిన్ లూథర్‌కు బద్ధ విరోధి. చౌకులోని మార్కెట్ చర్చిని కొత్తగా కట్టించింది ఈ ఆల్‌బ్రెక్టే. పాత చర్చిలు రెండింటిని కూల్చి, వాటి శిఖరాలను మాత్రం ఉంచి, నడుమ కొత్త చర్చి లేపారు. ఆ పని పూర్తికాకముందే ఊరు లూథర్ పక్షాన చేరింది. 1546 ఫిబ్రవరిలో ఐస్‌లెబెన్‌లో కన్నుమూసిన లూథర్ దేహాన్ని విట్టెన్‌బర్గ్ తీసుకెళ్తూ దారిలో ఒక రాత్రి ఈ చర్చిలోనే ఉంచారు. ఆయన ముఖానికి, చేతులకు తీసిన మైనపు అచ్చులు ఇప్పటికీ అక్కడ ఉన్నాయి. చేతుల అచ్చు దగ్గర చాలాసేపు నిలబడ్డాను. సరిగ్గా రెండువందల ఏళ్ళ తర్వాత, 1746లో, ఇదే ఊళ్ళో అచ్చయిన తెలుగు పుస్తకం ఆయన రాసిన చిన్న ప్రశ్నోత్తరమాలికే.

హాండెల్‌ను 1685లో బాప్తిస్మం చేసిన కంచు తొట్టి కూడా ఆ చర్చిలోనే ఉంది. గైడు ఆ విషయం రెండు మాటల్లో ముగించి మమ్మల్ని దక్షిణంగా నడిపించారు. నా ఉత్తరం ఆవిడ మరిచిపోలేదు.

1680లో హాలే బ్రాండెన్‌బర్గ్-ప్రష్యా చేతికి వచ్చింది. 1694లో విశ్వవిద్యాలయం వెలిసింది. ఊరి గోడకు అవతల గ్లౌఖా అనే పేటకు 1692లో పాదిరీగా వచ్చినవాడు ఆగస్ట్ హెర్మన్ ఫ్రాంకే. సారా దుకాణాలు, దిక్కులేని పిల్లలు నిండిన పేట అది. 1695లో ఆయన ఇంట్లోని ధర్మపు డబ్బాలో ఎవరో నాలుగు తాలర్లు, పదహారు గ్రోషెన్లు వేశారు. ఆ డబ్బుతో పుస్తకాలు కొని పేదపిల్లలకు బడి పెట్టాడు. 1698లో అనాథాశ్రమానికి పునాది రాయి పడింది. 1727లో ఆయన పోయేనాటికి ఆ బడుల్లో రెండువేలకు పైగా పిల్లలు చదువుతున్నారు.

ఇంత పెద్ద సంస్థ దానధర్మాల మీదే నడవదు. ఫ్రాంకే మందుల తయారీ పెట్టాడు, పుస్తకాల దుకాణం పెట్టాడు, ప్రెస్సు పెట్టాడు. ప్రెస్సు పక్కనే 1710లో కాన్‌స్టయిన్ అనే ప్రభువు బైబిలు సంస్థ మొదలైంది. వాళ్ళు చేసిన పని వింటే మా నాన్నగారు ఆశ్చర్యపోయేవారు. మామూలుగా ఏ ప్రెస్సులోనైనా ఫారం అచ్చు అయ్యాక అక్షరాలన్నీ విడదీసి మళ్ళీ కేసు గడుల్లో వేసుకుంటారు. ఉన్న సీసం అంతే కాబట్టి అలా చేయక తప్పదు. వీళ్ళు 1712 నుంచి కొత్త నిబంధన మొత్తాన్ని పేర్చినది పేర్చినట్టే ఉంచేశారు. అవసరమైనప్పుడల్లా మళ్ళీ అచ్చేసుకోవచ్చు. కంపోజింగ్ కూలి లేదు, కొత్త తప్పులు దొర్లవు. ధర పడిపోయింది. పేదవాడి ఇంటికి పుస్తకం చేరింది. తెనాలిలో ఒక ఎక్కాల పుస్తకానికి సరిపడా టైపు లేక మా ప్రెస్సులో ఒక ఫారం విడదీశాకే రెండోది పేర్చేవాళ్ళు. అంత సీసాన్ని కదలకుండా నిలబెట్టగలిగిన ప్రెస్సుకే, ఎవరూ చదవని ఒక దూరదేశపు లిపిని పోతపోసే ధైర్యం ఉంటుంది.

ఈ ప్రెస్సుకూ మనకూ నడుమ వంతెన తరంగంబాడి. తమిళ తీరంలో డేన్ల కోట ఉన్న ఆ రేవుకు 1706లో హాలే చదువరి జీగెన్‌బాల్గ్ మత ప్రచారానికి వెళ్ళాడు. ఆయన కోసం ఇక్కడే తమిళ టైపు పోసి పంపారు. ఆయన పోయిన 1719లోనే బెంజమిన్ షుల్జ్ అక్కడికి చేరాడు. తరంగంబాడిలో తోటివాళ్ళతో పొసగక 1726లో మద్రాసు వచ్చాడు. అక్కడ బజారులోనూ, కుంపిణీ కొలువులోనూ తెలుగు మాట్లాడేవాళ్ళు కోకొల్లలు. తెలుగు నేర్చుకున్నాడు. 1728లో లాటిన్‌లో తెలుగు వ్యాకరణం రాశాడు. బైబిలును తెలుగు చేశాడు. ఆ వ్యాకరణం రాతప్రతిగానే రెండువందల ఏభై ఏళ్ళు ఉండిపోయి 1984లో హాలేలోనే వెలుగు చూసింది. బైబిలు అనువాదం అచ్చుకే నోచుకోలేదు. ఒళ్ళు సహకరించక 1743లో హాలే తిరిగొచ్చి, 1760లో పోయేదాకా ఇక్కడే ఉన్నాడు. తెలుగు పుస్తకాలు అచ్చయింది ఆ ఏళ్ళలోనే.

ఆ పని ఎంత కష్టమో కంపోజిటర్ల మధ్య తిరిగినవాళ్ళకే తెలుస్తుంది. జర్మన్ అచ్చుకు కొన్ని పదుల అక్షరాలు చాలు. తెలుగులో ప్రతి హల్లుకూ గుణింతం, ప్రతి హల్లు కిందా వత్తు. మా ప్రెస్సు కేసులో వందల గడులు ఉండేవి, వత్తులకు వేరే కేసు. కొత్తగా చేరిన కుర్రాడు గడులు కంఠతా పట్టేసరికి నెలలు పట్టేది. హాలేలో ఒక్కో రూపానికీ ఉక్కు మీద ఎదురు అక్షరం చెక్కాలి, దాన్ని రాగి మీద కొట్టి గుంట చేయాలి, ఆ గుంటలో సీసం పోయాలి. తలకట్టు ఎక్కడ విరగాలో, కొమ్ము ఎటు తిరగాలో పుట్టుక నుంచీ చూసిన చేతులు కావవి, జర్మన్ కార్మికుల చేతులు. ఆ చేతులకు నేను నమస్కరిస్తాను.

మత పుస్తకాలే కాక షుల్జ్ నుంచి మరో విలువైన పుస్తకం వచ్చింది. మద్రాసు పట్నం గురించి, అక్కడి జనం నడవడి గురించి ఆయన తెలుగులో రాసుకున్న ముప్పై సంభాషణలు. వాటిని తానే ఇంగ్లీషు చేసి 1750లో ఈ అనాథాశ్రమం ప్రెస్సులోనే అచ్చేయించాడు. 1746లో మద్రాసు ఫ్రెంచివాళ్ళ పాలయింది. అంతకు ముందరి పట్నం మాటల్లో ఎలా వినిపించేదో తెలుసుకోడానికి ఆ పుస్తకం గొప్ప ఆధారం.

అనాథాశ్రమం అటక మీద ఫ్రాంకే నాటి వింతవస్తువుల గది ఉంది. పైకప్పు నుంచి మొసలి వేలాడుతుంది. చిత్రకారుడు గ్రుండ్లర్ రంగులు వేసిన బీరువాల్లో గవ్వలు, గుడ్లు, మన తీరం నుంచి వెళ్ళిన వస్తువులు. ముంగిట్లో 1728 నాటి గ్రంథాలయం. సురభి నాటకాల్లో పక్క తెరల్లాగా పుస్తకాల అరలు గదిలోకి చొచ్చుకొచ్చి నిలబడి ఉంటాయి. సంస్థ దగ్గర తాటాకు ప్రతులు కూడా ఉన్నాయి, ఎక్కువ భాగం తమిళం. పక్కనే వంద మీటర్లకు పైగా పొడవున్న ఆరంతస్తుల చెక్కచట్రపు ఇల్లు. ఆ దూలాల్ని చెయ్యి పెట్టి చూపిస్తూ గైడు చెప్పారు: "నా చిన్నప్పుడు ఇవన్నీ పుచ్చిపోయి ఉండేవి. వాన పడితే లోపల కురిసేది." 1946లో ఈ సంస్థను రద్దు చేశారు. తూర్పు జర్మనీ రోజుల్లో ముంగిలికి ఎదురుగా ఎత్తు వంతెన రోడ్డు వేశారు, అది ఇప్పటికీ ఉంది. జర్మనీ ఏకమయ్యాక పౌల్ రాబె అనే గ్రంథాలయ పండితుడు ముందుండి దీన్ని మళ్ళీ లేపాడు. యుద్ధంలో పెద్దగా దెబ్బతినని ఈ ఊరు, ఆ తర్వాతి నలభై ఏళ్ళ నిర్లక్ష్యానికే ఎక్కువ నష్టపోయిందని ఆవిడ బాధ. నాకూ అదే అనిపించింది. తెనాలిలో మా ప్రెస్సులోని టైపు మొత్తం పాత సీసం ధరకు పోయింది.

జర్మనీలో ఇప్పుడు వేలమంది తెలుగు పిల్లలు చదువుకుంటున్నారు. వాళ్ళని చూడ్డానికి అమ్మానాన్నలు వస్తున్నారు. మ్యూనిక్, బెర్లిన్ చూసి వెళ్ళిపోతున్నారు. ఒక పూట హాలేకి ఇవ్వండి. గైడును ముందే మాట్లాడుకుని, షుల్జ్ గురించి, అనాథాశ్రమం ప్రెస్సు గురించి చెప్పమని అడగండి. మనం అడిగితేనే వాళ్ళు ఆ కథను సిద్ధం చేసుకుంటారు. మన విశ్వవిద్యాలయాలు ఆ ముప్పై సంభాషణలను వివరణలతో తెలుగు పాఠకుడి చేతికి అందించాలి. వెళ్ళేవాళ్ళు స్టేషన్ నుంచి ట్రామ్ ఎక్కి ఫ్రాంకెప్లాట్జ్‌లో దిగండి. సోమవారం మాత్రం వద్దు, మ్యూజియం తెరవరు.