చిందుల ఎల్లమ్మ

బోధను పట్టణమునకు చేరువనే అమ్దాపూరను గ్రామము గలదు. చిందు భాగవతమాడిన ఎల్లమ్మ నివసించిన దచ్చటనే. 1999లో రాష్ట్రప్రభుత్వ మామెకు హంస పురస్కారమొసగెను. 2005 నవంబరు 9వ తేదీన ఆమె గతించెను. ఆ గౌరవ మామె యనుభవించినది ఆరేండ్లు. గ్రామము లామె యాటను చూచినది ఒక జీవితకాలము. మనము మొదటిదానినే చరిత్ర యనుచున్నాము.

చిందువారు మాదిగల కాశ్రితులు. ఒక్కొక్క కుటుంబమునకు వంతు గ్రామములుండెడివి. ఆ హక్కునకు మిరాశి యని పేరు. కోతలైన పిమ్మట మేళము ఊరూర తిరిగి, ఆడి, ఇచ్చిన గింజలతో కడుపు నింపుకొనెడిది. వీరి జాంబపురాణములో జాంబవుని పక్షమునకును బ్రాహ్మణునకును కులమును గూర్చి వాదము జరుగును. జాంబవుడు సృష్టికి ముందే పుట్టినవాడట! మన శాస్త్రగ్రంథములలో పూర్వపక్షమున కేర్పడిన స్థానము అచ్చట బ్రాహ్మణునకు దక్కినది. సంస్కృతము చదివిన నాబోటివారికి ఈ తారుమారు వినదగినది.

పట్టణములలో పెద్దలు స్త్రీ రంగమెక్కవచ్చునా యని తర్కించుచుండిరి. స్థానం నరసింహారావుగారు సత్యభామ వేషమున జనమును మురిపించిరి. 1956లో పద్మశ్రీ పొందిరి. వారి ప్రతిభ నిస్సందేహము. సురభివారు మాత్రము ఈ తర్కమునకు నిలువక స్త్రీలచేతనే స్త్రీపాత్రలు ధరింపజేసిరి. చిందు మేళములలోను స్త్రీలే గజ్జె కట్టిరి. ఆ సంగతి మన నాటకచరిత్రల కెక్కలేదు, ఏలయన ప్రేక్షకులు మాదిగవాడవారు.

రేణుకయగు ఎల్లమ్మ వేషము కేవలము పాత్ర కాదు, పూజ. వేషమున్నంతసేపు మ్రొక్కిన చేతులే, తెల్లవారిన పిదప ఆ జాతి స్త్రీని దూరముగా నిలిపినవి. ఆ దేవి పేరనే బాలికలను జోగినులుగా విడుచు దురాచార మీ జిల్లాను బాధించెను. 1988లో శాసనము దానిని నిషేధించినది. ఆ శాసనము న్యాయము. కాని దురాచారముతోపాటు ఆటనుగూడ మూటగట్టి పారవేయుట సంస్కారము కానేరదు. మనలో కొందరు అదియే చేసిరి.

ఈ ప్రాంతపు బ్రతుకును మార్చినవి నిజాంసాగరము (1931), శక్కర్‌నగరులో 1937లో వెలసిన చక్కెర ఫ్యాక్టరీ. ఆ ఫ్యాక్టరీ 2015 డిసెంబరులో మూతపడెను. చెరకు సొమ్ము చేతికి వచ్చిన యిండ్లకు తరువాత దూరదర్శనపు పెట్టెయు వచ్చెను. హైదరాబాదు దూరదర్శన కేంద్రము 1977 అక్టోబరు 23న ప్రారంభమైనది. చిందున కొక రాత్రి కావలెను. తెర కొన్ని నిముషముల నిచ్చును. ఆ కొన్ని నిముషములలో వేషము కనబడును, పాట వినబడును. కాని గుంపులో నుండి ఒకడు లేచి రూపాయి యిచ్చుట, ఆట నాపి అతని పేరు చదివి దీవించుట, మరల తెగిన చోటనే పాట నందుకొనుట, ఇవి తెర కందవు.