నౌపడ - గుణుపురం రైలు మార్గము

నౌపడ - గుణుపురం రైలు మార్గము శ్రీకాకుళం జిల్లాలోని నౌపడ జంక్షన్‌ను ఒడిషాలోని గుణుపురంతో కలుపుతుంది. దీని పొడవు సుమారు 90 కి.మీ. మొదట పర్లాకిమిడి లైట్ రైల్వే పేరుతో నారో గేజి మార్గముగా నిర్మించబడినది.

చరిత్ర

హౌరా - మద్రాసు ప్రధాన మార్గములో పలాసకు దక్షిణముగా ఉన్న నౌపడ, పర్లాకిమిడికి దగ్గరి రైల్వే స్టేషను. తన రాజధానిని దానితో కలుపవలెనని పర్లాకిమిడి రాజా గౌరచంద్ర గజపతి సంకల్పించాడు. 1898లో పనులు మొదలై, 25 మైళ్ళ (40 కి.మీ.) మార్గము 1900 ఏప్రిల్ 1న ప్రారంభమైనది. దీనికి సుమారు 7 లక్షల రూపాయలు ఖర్చయినది. పట్టాల మధ్య వెడల్పు రెండున్నర అడుగులు (762 మి.మీ.) మాత్రమే.

తొలి సంవత్సరాలలో రైల్వే నష్టాలలో నడిచినది. 1910 తరువాత స్వల్ప లాభాలు రాసాగినవి. 1924-25 నుండి అవి పెరిగినవి. దానితో మార్గాన్ని 1929, 1931లలో రెండు దశలుగా గుణుపురం వరకు పొడిగించారు.

మార్గము

నౌపడ నుండి టెక్కలి, టెంబూరు, పాతపట్నం, పర్లాకిమిడి, కాశీనగరం మీదుగా వంశధార తీరాన ఉన్న గుణుపురం చేరుతుంది. 1936 ఏప్రిల్ 1న ఒడిషా రాష్ట్రము ఏర్పడినప్పుడు పర్లాకిమిడి పట్టణము ఒడిషాలో చేరగా, పక్కనే ఉన్న పాతపట్నం మద్రాసు రాష్ట్రములోనే ఉండిపోయినది. ఆనాటి నుండి ఈ చిన్న రైలు రెండు రాష్ట్రాల మధ్య నడిచినది.

తొలి చలనచిత్రాలు, రైళ్ళు

ఈ మార్గ నిర్మాణ కాలము చలనచిత్రాల తొలి దశ కూడా. లూమియర్ సోదరుల చిత్రాలు 1896 జూలై 7న బొంబాయిలోని వాట్సన్ హోటలులో ప్రదర్శించబడినవి. 1897 తరువాత అమెరికా, ఇంగ్లండులలో రైలు ముందు భాగాన కెమెరా నిలిపి తీసిన మూకీ చిత్రాలు విశేష జనాదరణ పొందినవి. వీటిని 'ఫాంటమ్ రైడ్' అనేవారు. వాటిలో ఇంజను కనిపించదు. పట్టాలు, సొరంగాలు, కొండ మలుపులు ప్రేక్షకుని మీదికి వస్తున్నట్లు ఉంటాయి. కనుమరుగైన అనేక రైలు మార్గాల ఆనాటి రూపం తెలుసుకొనుటకు అటువంటి చిత్రాలు నేడు ఆధారాలు.

గేజి మార్పిడి

ఆవిరి ఇంజన్ల తరువాత ఇక్కడ డీజిల్ ఇంజన్లు వచ్చినవి. బ్రాడ్ గేజిగా మార్చుటకు 2004 జూన్‌లో నారో గేజి రైళ్ళు నిలిపివేయబడినవి. పర్లాకిమిడి వరకు 2010లోను, గుణుపురం వరకు 2011లోను కొత్త మార్గము ప్రారంభమైనది. అంటే టెక్కలి, పాతపట్నం ప్రయాణికులు ఆరేళ్ళు రైలు లేకుండా గడిపారు.