ఎస్జీటీ పోస్టు ఎవరిది? డీఎస్సీ అర్హతలపై న్యాయ వివాదాలు: పల్నాటి నుంచి ఒక పరిశీలన

పిడుగురాళ్ల 2022 ఏప్రిల్ 4 నుంచి పల్నాడు జిల్లాలో ఉంది. టీచర్ల నియామకపు డీఎస్సీ లెక్కలో మాత్రం 2025లోనూ గుంటూరు జిల్లాను వదల్లేదు. 2025 ఏప్రిల్ 20న వెలువడిన మెగా డీఎస్సీ నోటిఫికేషన్ 16,347 పోస్టులను పాత 13 జిల్లాల ప్రకారమే చూపింది. 371-డి అధికరణం కింద 1975లో వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వులే దీనికి కారణం. ఈ కొలువుల్లో 80 శాతం స్థానికులకు దక్కేది వాటి వల్లే. ఆ ఉత్తర్వుల్లోని జిల్లాను మార్చడానికి రాష్ట్ర ప్రభుత్వ జీవో ఒక్కటే చాలదు. 2017లో తెలంగాణ చాలుననుకుంది. అక్కడి ఉపాధ్యాయ నియామక పరీక్ష టీఆర్టీని కొత్త 31 జిల్లాల వారీగా ప్రకటించి, హైకోర్టు ఆదేశంతో పాత 10 జిల్లాలకే తిరిగి వచ్చింది.

ఆ కేసులో మంచి టీచరు ఎవరన్న ప్రశ్న ఎక్కడా లేదు. నియమం మార్చే అధికారం ఎవరిది, ఎప్పుడు మార్చారు అన్నవే ప్రశ్నలు. మన ఉపాధ్యాయ నియామక వ్యాజ్యాల్లో కోర్టులు గట్టిగా తేల్చేవి ఈ రెండే. ఒకటో తరగతి పిల్లకు ఎవరు చదువు చెప్పాలన్న మూడో ప్రశ్నను ప్రభుత్వాలు వాయిదా వేస్తూ వచ్చాయి. వాయిదా పడ్డ ఆ ప్రశ్నే తర్వాత వచ్చి, అంతకుముందు ఇచ్చిన ఉపశమనాలను ఇరకాటంలో పెట్టింది. ఈ వ్యాసం వాదన అంతవరకే.

తగవంతా సెకండరీ గ్రేడ్ టీచరు (ఎస్జీటీ) పోస్టు చుట్టూ నడిచింది. ఇంటర్ తర్వాత రెండేళ్ల డీఎడ్ (పాతవాళ్ల నోట ఇప్పటికీ టీటీసీయే) ఒకటి నుంచి ఐదు తరగతుల కోసమే ఏర్పడ్డ శిక్షణ. డిగ్రీ తర్వాత చేసే బీఎడ్ హైస్కూలు సబ్జెక్టుల కోసం. పెద్ద చదువు చదివినవాడు చిన్న తరగతికి పనికిరాడా అన్న వాదన వినడానికి సబబుగానే ఉంటుంది. కేరళ నుంచి వెళ్లిన పి.ఎం. లత కేసులో 2003లోను, పశ్చిమ బెంగాల్ నుంచి వెళ్లిన దిలీప్ కుమార్ ఘోష్ కేసులో 2005లోను సుప్రీంకోర్టు ఆ వాదనను ఒప్పుకోలేదు. ప్రాథమిక తరగతులకు బీఎడ్ పై మెట్టు కాదు, వేరే దారి అని తేల్చింది.

ఆ తేడా పల్నాటి బడిలో కళ్లకు కడుతుంది. సంక్రాంతి దాటి మిరప కోతలు ఊపందుకుంటే కూలి కుటుంబాలు పిల్లాపాపలతో చేల గట్లకు చేరతాయి. బడిలో పేరున్న పిల్లలూ తల్లుల వెంట పోతారు. కోతలయ్యాక వాళ్లు తిరిగొస్తే గుణింతాలు దాటిన పిల్ల, అక్షరాలే మరిచిన పిల్ల పక్కపక్కన కూర్చుంటారు. వాళ్లతో పాటు రెండు మూడు తరగతులను ఒక్కరే నడపాలి. గణితంలోనో జీవశాస్త్రంలోనో మెథడ్ చదివి రావడం వేరు, ఈ గదిని నడపడం వేరు. మెరిట్ లిస్టుకు ఈ సంగతి పట్టదు.

2008 డిసెంబరులో ఉమ్మడి రాష్ట్రంలో డీఎస్సీ నోటిఫికేషన్ వచ్చినప్పుడు ఎస్జీటీ పోస్టులకు డీఎడ్, బీఎడ్ వారు ఇద్దరూ అర్హులే. ఆ తర్వాత ప్రభుత్వం 30 శాతం ఎస్జీటీ పోస్టులను డీఎడ్ వారికి ప్రత్యేకించింది. బోధన దృష్టితో చూస్తే అది సరైన దిశే. వచ్చిన వేళ మాత్రం తప్పు. మంచి మార్కులు తెచ్చుకున్న బీఎడ్ అభ్యర్థులు తమకంటే తక్కువ మార్కులవారికి ఉద్యోగాలు రావడం చూసి ట్రిబ్యునల్‌కు, హైకోర్టుకు ఎక్కారు.

ఆట మొదలయ్యాక నియమం మార్చకూడదన్న సూత్రం సుప్రీంకోర్టులో గట్టిపడిందీ మన రాష్ట్రపు కేసులోనే. జిల్లా జడ్జీల ఎంపికలో ఇంటర్వ్యూకు కనీస మార్కుల నిబంధనను మధ్యలో చేర్చడాన్ని కె. మంజుశ్రీ కేసులో 2008 ఫిబ్రవరిలో కొట్టివేశారు. డీఎస్సీ నోటిఫికేషన్‌కు అప్పటికి ఇంకా పది నెలల దూరం. ఆ తీర్పు రాష్ట్ర ప్రభుత్వానికి తెలియలేదనుకోవడం కష్టం. అదే సూత్రాన్ని 2024 నవంబరు 7న తేజ్ ప్రకాశ్ పాఠక్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం మళ్లీ నిలబెట్టింది. నియమాలే వీలిస్తేనో, ముందున్న ప్రకటనే వీలిస్తేనో తప్ప ఎంపిక మధ్యలో అర్హతలు మార్చరాదంది.

2008 అభ్యర్థులకు ఊరట దక్కేసరికి 2021 వచ్చింది. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2,193 మందిని మినిమమ్ టైమ్ స్కేలు (రెగ్యులర్ స్కేలులోని కనీస వేతనం) మీద ఎస్జీటీలుగా తీసుకుంది. మరుసటి ఏడు 1998 డీఎస్సీ వారికీ అదే పద్ధతి. దాదాపు పాతికేళ్ల తర్వాత కొలువులో చేరిన వారిలో రిటైర్మెంటు అంచున ఉన్నవారూ ఉన్నారు. తెలంగాణలో 2008 వారికి 2025 ఫిబ్రవరిలో కాంట్రాక్టు ఎస్జీటీ పోస్టులు వచ్చాయి.

ఈలోగా మూడో ప్రశ్న వెనక్కి వచ్చింది. జాతీయ ఉపాధ్యాయ విద్యా మండలి 2010 ఆగస్టు 23న కనీస అర్హతలు ప్రకటించి, ప్రాథమిక తరగతులకు బీఎడ్ వారిని 2012 జనవరి 1 దాకానే, అదీ ఆరు నెలల ప్రత్యేక శిక్షణ షరతుతో, అనుమతించింది. 2018 జూన్ 28న ఆ తలుపును గడువు లేకుండా తెరిచింది. 2023 ఆగస్టు 11న దేవేశ్ శర్మ కేసులో సుప్రీంకోర్టు దాన్ని మూసేసింది. తీర్పు ఇరుసు 21-ఎ అధికరణం. ఉచిత నిర్బంధ విద్య హక్కులో నాణ్యత కూడా భాగమే, ప్రాథమిక దశకు శిక్షణ లేని వారిని పెట్టడం ఆ హక్కుకే దెబ్బ అంది. కొలువు ఎవరికన్నది పక్కకు జరిగి, పిల్ల హక్కు మధ్యకు వచ్చింది. ఆ తేదీకి ముందు నియమితులైన వారికి రక్షణ ఉందని 2024 ఏప్రిల్‌లో వివరణ ఇచ్చింది.

అయినా 2024 ఫిబ్రవరి 12న ఆంధ్రప్రదేశ్ 6,100 పోస్టులకు ఇచ్చిన నోటిఫికేషన్‌లో ఎస్జీటీకి బీఎడ్ వారినీ రానిచ్చింది. తీర్పు వచ్చి ఆరు నెలలు దాటింది. ఎన్నికలు గడపలో ఉన్నాయి. బీఎడ్ అభ్యర్థులు డీఎడ్ వారికంటే చాలా ఎక్కువ. న్యాయపరమైన కారణమేదీ నాకు కనిపించదు. అదే నెలలో హైకోర్టు అడ్డుకుంది, ప్రభుత్వం నోటిఫికేషన్ సవరించుకుంది. 2008లో డీఎడ్ వైపు మొగ్గి వేళ తప్పి ఓడిన రాజ్యం, 2024లో బీఎడ్ వైపు మొగ్గి అధికారం లేక ఓడింది.

ఆ నోటిఫికేషన్ మీదే ఇంకో తగవు: ఉపాధ్యాయ అర్హత పరీక్ష టెట్‌కూ డీఎస్సీకీ మధ్య ఎడం. పైకి తేదీల గొడవలా ఉంటుంది గానీ లెక్క వేస్తే సంగతి తెలుస్తుంది. ఎస్జీటీ పరీక్షలో 160 ప్రశ్నలకు 80 మార్కులు, మిగతా 20 టెట్ వెయిటేజీ. 150 మార్కుల టెట్‌ను 20కి కుదిస్తారు కనుక, టెట్‌లో 15 మార్కులు పెరిగితే చివరి లెక్కలో 2 మార్కులు, అంటే డీఎస్సీలో నాలుగు ప్రశ్నలు. అరమార్కుకు ర్యాంకులు తారుమారయ్యే చోట నాలుగు ప్రశ్నలంటే కొలువే. అవనిగడ్డ కోచింగ్ సెంటర్లలో నెలల తరబడి కూర్చునే పల్నాటి పిల్లలకు ఈ లెక్క కంఠస్థం. రెండు పరీక్షల మధ్య కనీసం నాలుగు వారాలు ఉండాలని హైకోర్టు మార్చిలో చెప్పింది. అభ్యర్థి సన్నద్ధతను ఇంత శ్రద్ధగా పట్టించుకునే వ్యాజ్యాలు, పిల్లల సంగతికొచ్చేసరికి పలుచబడతాయి.

చేబ్రోలు లీలాప్రసాదరావు కేసు ఇందుకు మరో సాక్ష్యం. ఏజెన్సీ ప్రాంతాల్లో టీచరు పోస్టులు నూటికి నూరూ స్థానిక గిరిజనులకే ఇచ్చిన 2000 నాటి జీవో 3ను 2020 ఏప్రిల్ 22న ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం కొట్టివేసింది. నూరు శాతం రిజర్వేషన్ చెల్లదన్నది తీర్పు సారం. బయటి టీచర్లు కొండల్లో నిలవకపోవడం, పిల్లల ఇంటి మాట వేరు కావడం ఆ జీవో వెనకున్న కారణాలు. శాతం లెక్క ముందు అవి నిలబడలేదు. పల్నాడు మైదానం కనుక ఇక్కడి సుగాలి తండాలకు ఆ జీవో ఎన్నడూ వర్తించలేదు. తండా పిల్ల ఇంట్లో లంబాడీలోనే మాట్లాడుతుంది. అయినా ఆమె టీచరుకు ఆ భాష రావాలన్న అర్హత ఏ నోటిఫికేషన్‌లోనూ లేదు కనుక దాని మీద వ్యాజ్యమూ లేదు.

2025 సెప్టెంబరు 25న అమరావతిలో మెగా డీఎస్సీ నుంచి 15,941 మందికి నియామక పత్రాలు అందాయి. వారిలో ఎస్జీటీలు డీఎడ్ చదివినవారు. వారితో పాటే ప్రాథమిక తరగతులు చెబుతున్న 2008 నాటి బీఎడ్ వారి నియామకం 2023 తీర్పుకు ముందుది కనుక వారికి ఢోకా లేదు. తెలంగాణలో తీర్పు తర్వాత చేరినవారి స్థితి అంత తేలిక కాదు. కోర్టు ఆదేశాల వెంట వచ్చిన కొలువు, కోర్టే చెల్లదన్న అర్హతతో. పని ఒకటే, జీతం వేరు. 2016 నాటి జగ్జీత్ సింగ్ తీర్పు తాత్కాలిక ఉద్యోగులకు రెగ్యులర్ స్కేలులో కనీస వేతనం దాకానే హామీ ఇచ్చింది. మినిమమ్ టైమ్ స్కేలు ఆ గీత దగ్గరే ఆగుతుంది. ఇంక్రిమెంట్లు, 2009 నుంచి రావలసిన సీనియారిటీ దానికి అవతల ఉన్నాయి. వాటిని అడిగేవారు మళ్లీ పాత తేదీనే పట్టుకోవాలి: నియమం మారిన నాటికి నోటిఫికేషన్ వెలువడి ఉందా లేదా. 2004 సెప్టెంబరు 1న కాంట్రిబ్యూటరీ పెన్షన్ పథకం (సీపీఎస్) మొదలవడానికి ముందే తమ నోటిఫికేషన్ వచ్చిందని పాత పెన్షన్ కోరుతున్న 2003 డీఎస్సీ ఉపాధ్యాయుల వాదనా ఆ తేదీ మీదే నిలబడింది.