గండిలో తోరణము, కోర్టులో ముఖము

పాపఘ్ని నది కొండలను చీల్చుకొని వేంపల్లె వైపునకు వెలువడు గండిక్షేత్రమున, వీరాంజనేయస్వామి సన్నిధికి ఎగువను, ఈ కొండకొమ్మునుండి ఆ కొండకొమ్మునకు వాయుదేవుడు శ్రీరాముని స్వాగతించుటకై కట్టిన బంగారు తోరణము నేటికిని కలదనియు, అది ఎల్లరకు కానరాదనియు, కనబడినవాని ఆయువు తీరవచ్చినదనియు పులివెందుల సీమలో తరతరములుగా చెప్పుకొందురు. మద్రాసు గవర్నరు సర్ థామస్ మన్రో దత్తమండలములలో తుదిసారి పర్యటించుచు ఈ దారిని పోవునపుడు తల యెత్తి ఆ తోరణమును చూచెననియు, ఏమది యని పక్కవారి నడుగగా వారికేమియు కనబడలేదనియు, దొర యిక బ్రతుకడని పరివారములోని పెద్దలు గ్రహించిరనియు జిల్లా చరిత్ర గ్రంథములకు సైతము ఎక్కిన కథ. 1827 జూలై 6న పత్తికొండలో మన్రో కలరా సోకి మరణించెను.

ఈ కథను భక్తులు భక్తితో విందురు; నేను దానిని సాక్ష్యముగా కూడ విందును. చూచినవాడు ఒక్కడు, చూడనివారు పలువురు. అయినను ఆ ఒక్కని మాటయే నిలిచినది, ఏలయన తరువాత వచ్చిన మరణము దానికి ముద్ర వేసినది. న్యాయస్థానములలోను ఇట్లే జరుగును. చీకటిలో క్షణకాలము చూచిన ముఖమును గూర్చి సందేహించుచున్న సాక్షితో, నీవు చూపినవాడే దొంగ యని ఎవరైన ఒక మాట అన్నంతనే ఆ సందేహము కరిగి, తాను మొదటినుండియు నిశ్చయముగా నున్నట్లే అతనికి తోచును. అతడు అబద్ధమాడుట లేదు. అందుచేతనే అతనిని అడ్డుప్రశ్నలతో పట్టుకొనుట కష్టము.

1800 మొదలు 1807 వరకు దత్తమండలములకు ప్రధాన కలెక్టరైన ఈ మన్రోయే, 1816 నాటి రెగ్యులేషనులతో పోలీసు అధికారమును కలెక్టర్లకు మరల్చి, గ్రామపెద్దలకు మునసబు పదవి నిచ్చినవాడు. తలారియు, రెడ్డియు, కరణమును ఊరివారి నందరి నెరిగిన ఆ వ్యవస్థలో ముఖమును గుర్తించుట యనునది పెద్ద చిక్కు కాలేదు. సాక్షిని గాని ముద్దాయిని గాని ఎరుగని న్యాయాధిపతి పీఠమెక్కిన కొలదిని ఆ చిక్కు పెరిగినది. 1872 నాటి సాక్ష్యచట్టపు 9వ సెక్షను గుర్తింపునకు తావిచ్చినది.

ముద్దాయిని ఇతరుల నడుమ నిలిపి సాక్షిచే గుర్తింపజేయు, గుర్తింపు పరేడు అని వాడుకైన తంతును దగ్గరగా చూచినవారికి దాని ప్రతి నిబంధన వెనుకను ఒక పొరపాటు కనబడును. ముద్దాయితో నిలువబెట్టువారు వయస్సున, ఎత్తున, రూపమున, బ్రతుకుతీరున అతనికి సరిజోడుగా నుండవలెను. ఎండకు నల్లబడిన పల్లెటూరి కాపును పట్టణపు గుమాస్తాల నడుమ నిలిపినచో సాక్షి గుర్తించునది ముఖమును గాదు, ఎండను. అతడు కొట్టవచ్చినట్లు కనబడు చొక్కా తొడిగియున్నచో తక్కినవారికిని అట్టిదే తొడిగింపవలెను, లేదా అతనిది విప్పింపవలెను. వరుసలో తన చోటును అతడే ఎన్నుకొనవచ్చును. చూచి వెలికివచ్చిన సాక్షి, వేచియున్న సాక్షితో మాటాడరాదు. 1990 నాటి ఆంధ్రప్రదేశ్ క్రిమినల్ నియమావళి ఇవన్నియు మేజిస్ట్రేటుకు విధించినది. బోనులో నిలిచినవానిని వ్రేలితో చూపుట ఎవరికైనను సులభమే గదా! అందుకే మన రాష్ట్రమునుండి పోయిన ఒక అప్పీలులో 1960లో సుప్రీంకోర్టు, అపరిచితుని గూర్చి కోర్టులో చెప్పునదే అసలు సాక్ష్యమైనను, ముందు జరిగిన గుర్తింపు దానికి ఊతగా నుండుట క్షేమకరమని పలికినది. లండనులో ఆడాల్ఫ్ బెక్ అను నిర్దోషిని పలువురు స్త్రీలు నిస్సంకోచముగా చూపగా అతడు 1896లోను, 1904లోను దోషిగా నిర్ణయింపబడెను. అసలు మోసగాడు పట్టుబడిన పిమ్మట పుట్టిన సంచలనము కూడ కారణముగా 1907 నాటి చట్టముతో అచట క్రిమినల్ అప్పీలు కోర్టు ఏర్పడినది.

కాని జమ్మలమడుగు, ప్రొద్దుటూరు, పులివెందుల ప్రాంతపు కక్షల కేసులలో ఈ పరేడుకు పనిలేదు. సాక్షి ముద్దాయిని ఇంటిపేరుతో, తండ్రిపేరుతో, నడకతో సహా ఎరుగును. వేటకొడవలి పట్టినవాడెవడు, ఊరక వెంట వచ్చినవాడెవడు అను ప్రశ్నకు జ్ఞాపకము జవాబు చెప్పకమునుపే పగ చెప్పును. ఎదుటి వర్గపు పెద్దతోపాటు, ఆ రాత్రి ఇంట నిద్రించుచున్న అతని కొడుకు పేరును ఫిర్యాదులో చేరును. తటస్థుడు నోరు విప్పడు. రేపు అతడు ఆ ఊరిలోనే కాపురముండవలెను. ఉత్తరప్రదేశమునుండి వచ్చిన మసల్తీ కేసులో 1964లో సుప్రీంకోర్టు, వర్గస్థుడైనంత మాత్రమున సాక్షిని త్రోసిపుచ్చరాదనియు, గుంపులో ఒకనిని శిక్షించుటకు ఇద్దరో ముగ్గురో అంతకు మించియో సాక్షులు పొసగునట్లు చెప్పవలెననియు కొలత పెట్టినది. ఆ కొలత అవసరమే. కాని ఒకే అరుగుమీద కూర్చుండి మాట కలుపుకొనిన ముగ్గురిని ముగ్గురుగా లెక్కించుట నాకు సమ్మతము గాదు. ఫిర్యాదు ఎన్ని గంటలకు స్టేషనుకు చేరినది, దాని ప్రతి మేజిస్ట్రేటు చేతికి ఎప్పుడందినది అని న్యాయవాదులు గంటలు లెక్కించి అడుగుట ఇందుచేతనే: పేర్లు చేరునది ఆ నడిమి గంటలలోనే.