గుర్రం మీది పనివాడు

రౌతు మెత్తనైతే గుర్రం మూడు కాళ్ల మీద నడుస్తుందని సామెత. గుర్రం సరిగా నడవకపోతే తప్పు రౌతుదేనని తేల్చిన ఈ మాట, అది గెలిచినప్పుడు ఘనత ఎవరిదో చెప్పదు. హైదరాబాదు గుర్రప్పందేల చరిత్రను చెప్పుకునే తీరులోనూ ఇదే లోటు. 1868లో మౌలాలిలో పందేలు మొదలయ్యాయనీ, ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్ వాటిని 1886లో మలక్‌పేటకు తెచ్చాడనీ చెప్పుకుంటాం. పోషించిన ప్రభువు పేరు నిలిచింది, మైదానం పేరు నిలిచింది. జీను మీద కూర్చున్న మనిషి కథలోకే రాడు. మలక్‌పేటకు వాయవ్యంగా ఉన్న పటాన్‌చెరు, సంగారెడ్డి పారిశ్రామిక ప్రాంతం గురించి రాసేటప్పుడూ అంతే. పంటల పరిశోధన సంస్థ ఇక్రిశాట్ 1972లో వెలిసిందనీ, ఎద్దుమైలారం ఆయుధ కర్మాగారానికి 1984లో పునాది పడిందనీ రాస్తాం. యంత్రం ముందు నిలబడ్డ చేతుల గురించి రాయం. జాకీని కూడా నైపుణ్యం గల కార్మికుడిగానే చూడాలి, అతని జీవితాన్ని ఒక వృత్తి చరిత్రగా చదవాలి. అందుకు గట్టి సాక్ష్యం ఐర్లండ్ జాకీ టోనీ మెకాయ్.

మెకాయ్ 1974లో ఉత్తర ఐర్లండ్‌లోని ఆంట్రిమ్ కౌంటీ, మనీగ్లాస్ గ్రామంలో పుట్టాడు. పదిహేనేళ్ల వయసులో జిమ్ బోల్జర్ అనే శిక్షకుడి లాయంలో అప్రెంటిస్‌గా చేరాడు. 1993లో శిక్షణలో కాలు విరిగింది. మంచం మీద ఉన్న నెలల్లో ఎత్తు, బరువు రెండూ పెరిగాయి. మలక్‌పేటలో జరిగేటువంటి చదును నేల పందేలకు తేలికైన ఒళ్లు కావాలి; ఆ దారి అతనికి మూసుకుపోయింది. దాంతో కంచెలు దూకించే పందేల వైపు మళ్లి, 1994లో ఇంగ్లండు చేరాడు. మరుసటి సీజన్‌లోనే ఆ పందేల్లో బ్రిటన్ చాంపియన్ జాకీ అయ్యాడు. 1995-96 నుంచి 2014-15 దాకా వరసగా ఇరవై సార్లు ఆ పట్టం అతనిదే. 1947లో గోర్డన్ రిచర్డ్స్ అనే జాకీ ఒక సీజన్‌లో గెలిచిన 269 పందేల రికార్డును 2001-02లో 289 విజయాలతో దాటాడు. దాదాపు 178 సెంటీమీటర్ల ఎత్తున్న మనిషి 64 కిలోల లోపు ఉండటానికి ఏళ్ల తరబడి కడుపు మాడ్చుకున్నాడు, వేడి నీళ్ల తొట్టిలో కూర్చుని చెమటోడ్చాడు. 2008 జనవరిలో వెన్నుపూసలు విరిగితే మార్చికల్లా మళ్లీ జీనెక్కాడు. కంచెల పందేల్లో పేరుమోసిన గ్రాండ్ నేషనల్ అతనికి పదిహేనో ప్రయత్నంలో, 2010లో గానీ దక్కలేదు.

పరుగెత్తేది గుర్రమే కదా, పైన కూర్చున్నవాడిదేం గొప్ప అనే వాదన ఉంది. గుర్రం సత్తా లేకుండా గెలుపు లేదన్నది నిజమే. అయితే హ్యాండిక్యాప్ పందేల్లో మంచి గుర్రం మీద ఎక్కువ బరువు పెడతారు. గుర్రాల మధ్య తేడాను అలా తగ్గించాక, ఎప్పుడు ఊపిరి తీసుకోనివ్వాలి, ఎక్కడ సందు చూసి ముందుకు తోయాలి అన్న లెక్క విలువ పెరుగుతుంది. అనుభవం లేని అప్రెంటిస్ ఎక్కితే బరువులో మినహాయింపు ఇస్తారు. నైపుణ్యానికి కిలోల్లో వెల కట్టడమే ఇది. మెకాయ్‌కి మార్టిన్ పైప్ లాంటి గొప్ప శిక్షకుడి గుర్రాలు దొరికాయి కాబట్టే గెలిచాడన్నది మరో ఆక్షేపణ. అందులోనూ కొంత నిజముంది. కానీ 2004లో అతను పైప్‌ను వదిలి జె.పి. మెక్‌మానస్ అనే యజమాని గుర్రాలకు స్వారీ చేయడం మొదలుపెట్టాడు. ఆ తర్వాత కూడా పదకొండు పట్టాలు గెలిచాడు. లాయం మారినా ఫలితం మారలేదంటే ఆ తేడా రౌతులోనే ఉందనుకోవాలి.

అన్నిటికన్నా బరువైన ఆక్షేపణ జూదం గురించి. నెల జీతం పందెంలో పోతే ఇంట్లో పొయ్యి వెలగదు. కార్మిక వాడల్లో ఈ మాటను ఎవరూ తేలిగ్గా తీసేయలేరు, నేనూ తీసేయను. గుర్రప్పందెంలో గెలుపు ప్రధానంగా నైపుణ్యం మీద ఆధారపడుతుందని సుప్రీంకోర్టు 1996లో డాక్టర్ కె.ఆర్. లక్ష్మణన్ కేసులో తీర్పు చెప్పింది. గుర్రం శిక్షణతో పాటు జాకీ నేర్పునూ లెక్కలోకి తీసుకుంది. ఆ తీర్పు పందెం కాసి నష్టపోయినవాడికి ఓదార్పు కాదు. కాసేవాడి ఆశ వేరు, స్వారీ చేసేవాడి పని వేరు. మొదటిదాన్ని తప్పుపడుతూనే రెండోదాన్ని గౌరవించవచ్చు. నేత కార్మికుడి నైపుణ్యాన్ని గుడ్డల వ్యాపారి లాభనష్టాలతో కొలవం కదా.

మెకాయ్ 2015 ఏప్రిల్ 25న ఇంగ్లండులోని శాండౌన్ పందెం మైదానంలో చివరిసారి గుర్రమెక్కాడు. అప్పటికి 4,300కు పైగా పందేలు గెలిచాడు. అతని గెలుపులనూ పడిపోయిన రోజులనూ విరిగిన ఎముకలనూ ఎవరో ఒకరు రాసి ఉంచారు కాబట్టే ఇవాళ అతని పనిని తూకం వేయగలుగుతున్నాం. మలక్‌పేట రౌతులకూ పటాన్‌చెరు కార్మికులకూ అలాంటి ఖాతా ఉండాలి: ఏ వయసులో పనిలో చేరారు, ఎవరి దగ్గర నేర్చారు, ఏ దెబ్బ తగిలింది, తిరిగి ఎప్పుడు వచ్చారు. గుర్రం మూడు కాళ్ల మీద నడిచిన రోజున రౌతును వెతికి నింద మోపే సమాజం, అది నాలుగు కాళ్ల మీద దూసుకెళ్లిన రోజున కూడా అతని పేరు రాసుకోవాలి.