రచయిత్రుల నవలలు – నిర్మాత డి. రామానాయుడు చిత్రప్రస్థానం

తెలుగు సినిమా చరిత్ర రచన అధికంగా నటులు, దర్శకుల చుట్టూ సాగింది. నిర్మాత అందులో పెట్టుబడిదారుగానే కనిపిస్తాడు. అయితే ఏ కథ తెరకెక్కాలన్న తొలి నిర్ణయంలో అతనిది కీలకపాత్ర. డి. రామానాయుడు చిత్రప్రస్థానాన్ని ఆయన ఎంచుకున్న నవలల దృష్ట్యా పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

రామానాయుడు 1936 జూన్ 6న నాటి గుంటూరు జిల్లా కారంచేడులో రైతు కుటుంబంలో జన్మించారు. 1970లో కొత్త జిల్లా ఏర్పడినప్పుడు ఆ గ్రామం నేటి ప్రకాశం పేరుతో ప్రసిద్ధమైన జిల్లాలో చేరింది. వ్యవసాయం, రైసుమిల్లు వ్యాపారం ఆయన తొలి వృత్తులు. కోస్తా వ్యవసాయ మిగులు మద్రాసు చిత్రపరిశ్రమకు తరలిన క్రమంలో ఆయన ప్రస్థానమూ భాగమే. 1964లో సురేష్ ప్రొడక్షన్స్ పతాకంపై నిర్మించిన ‘రాముడు భీముడు’ ఘనవిజయం సాధించింది. తర్వాతి చిత్రాలలో కొన్ని నష్టాలు మిగిల్చాయి.

ఈ దశలో ఆయన కోడూరి కౌసల్యాదేవి నవల ‘ప్రేమనగర్’ను ఎంచుకున్నారు. ఆమె ‘చక్రభ్రమణం’ అప్పటికే 1964లో ‘డాక్టర్ చక్రవర్తి’గా తెరకెక్కింది. కె.ఎస్. ప్రకాశరావు దర్శకత్వంలో, ఆత్రేయ సంభాషణలతో 1971లో వెలువడిన ‘ప్రేమనగర్’ సంస్థను నిలబెట్టింది. అదే కథ తమిళంలో ‘వసంత మాళిగై’గా (1972), హిందీలో ‘ప్రేమ్‌నగర్’గా (1974) వచ్చింది.

ఈ ఎంపిక ఒక్క చిత్రంతో ఆగలేదు. యద్దనపూడి సులోచనారాణి నవలల ఆధారంగా ‘జీవన తరంగాలు’ (1973), ‘సెక్రటరీ’ (1976), ‘అగ్నిపూలు’ (1981) ఇదే సంస్థ నుండి వచ్చాయి. పాఠకాదరణ పొందిన నవల నిర్మాతకు కొంత ధీమానిస్తుంది. ఆ పాఠకులలో స్త్రీలు గణనీయంగా ఉండేవారు. ‘ప్రేమనగర్’, ‘సెక్రటరీ’ కథానాయికలిద్దరూ ఉద్యోగినులు కావడం గమనార్హం. జీతానికి పనిచేసే చోట ఆత్మగౌరవాన్ని కాపాడుకోవడం రెండు కథలకూ ఇరుసు.

తెరపై ఈ కథలు అగ్రనటుల చిత్రాలుగా, పాటల ద్వారా జనస్మృతిలో నిలిచాయి. మూల రచయిత్రి పేరు మాత్రం క్రమేణా వెనుకబడింది.

తర్వాతి కాలంలో రామానాయుడు పలు భారతీయ భాషలలో చిత్రాలు నిర్మించి గిన్నిస్ రికార్డు పొందారు. 1999లో బాపట్ల నుండి లోక్‌సభకు ఎన్నికయ్యారు. 2009 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్నారు. 2015 ఫిబ్రవరి 18న మరణించారు. ఇంతటి ప్రస్థానాన్ని నష్టాల దశలో నిలబెట్టింది ఒక రచయిత్రి నవల. కనుక నిర్మాత చరిత్రలో రచయిత్రులకు, నవలాచరిత్రలో నిర్మాతకు తగిన స్థానం కల్పించినప్పుడే ఆ కాలపు సాహిత్య చరిత్ర సమగ్రమవుతుంది.